కథకి టైమ్ జబ్బు కావాలంటే: ఆగే కాలమా, పరిగెత్తే కాలమా?

టైమ్ తేడాగా అనిపించే జబ్బుని కథ కోసం కల్పించేవాళ్లు ముందు ఈ రెండు నిజం కేసులు చూడండి. 1983లో మ్యూనిక్ డాక్టర్లు రాసిన కేసులో ఒకావిడకి కదలిక కనిపించదు, కప్పులో టీ పోస్తుంటే గడ్డకట్టినట్టు ఉండేదట, ఎప్పుడు ఆపాలో తెలిసేది కాదు, రోడ్డు మీద దూరంగా ఉన్న కారు ఉన్నట్టుండి పక్కకొచ్చేసేది. సీన్లకి బాగుంటుంది గానీ అది చూపుకే పరిమితం, చెవికి అంతా మామూలే.

1996 కేసు వేరు. మెదడు ముందు భాగంలో ట్యూమర్ ఉన్నాయనకి కారు నడుపుతుంటే చుట్టూ అన్నీ దూసుకొస్తున్నట్టు ఉండేది, 60 సెకన్లు అయ్యాక చెప్పమంటే సగటున 286 సెకన్లకి చెప్పాడు, అంటే లోపలి గడియారం నెమ్మదించి బయట ప్రపంచం పరిగెత్తింది. నా ఓటు దీనికే, అలాంటి మనిషి "ఒక్క నిమిషం, వచ్చేస్తా" అన్నాడంటే ఇంట్లోవాళ్లు ఎంతసేపు ఎదురుచూడాలో ఆలోచించండి.