హారానా, తకామినేనా? నా ఓటు మాత్రం మెట్లెక్కే ఆవిడకే

యుద్ధం తర్వాతి జపాన్ సినిమాల మాటొస్తే ఎవరైనా ముందు చెప్పేది నటి సెత్సుకో హారా పేరే, నేనూ ఆవిడతోనే మొదలుపెట్టాను. 'లేట్ స్ప్రింగ్' (1949)లో తండ్రీ, కూతురు హారా జపాన్ సంప్రదాయ నాటకం 'నో' చూస్తుంటారు. తండ్రి అవతల కూర్చున్న ఒక వితంతువుకి తలూపి పలకరిస్తాడు, కూతురూ నవ్వుతూనే తల వంచుతుంది, ఇక అక్కణ్ణుంచి ఆ నవ్వు కొంచెం కొంచెంగా ఇంకిపోయి చివరికి తల వాలిపోతుంది. ఒక్క డైలాగ్ లేదు, నాకు మాత్రం గొంతు పట్టేసింది. ఈ సినిమా దర్శకుడు యసుజిరో ఓజు తీసిన ఆరు సినిమాల్లో ఆవిడ చేసింది, మూడింటిలో పాత్ర పేరు నొరికోనే.

అయినా ఎవరి కెరీర్ గొప్పదని అడిగితే నేను అదే కాలపు మరో నటి హిదెకో తకామినె అంటాను.

ఈవిడ 1929లో, ఐదేళ్ళ వయసులో తెరమీదికొచ్చింది. బడికి సరిగ్గా వెళ్ళే వీలే దొరకలేదు. 1951లో జపాన్ మొదటి రంగుల కథాచిత్రం 'కార్మెన్ కమ్స్ హోమ్'లో సొంతూరికి తిరిగొచ్చిన స్ట్రిప్ డాన్సర్, 1954లో 'ట్వంటీ ఫోర్ ఐస్'లో దీవిలో పన్నెండు మంది పిల్లల టీచరమ్మ, మరుసటి ఏడే 'ఫ్లోటింగ్ క్లౌడ్స్'లో నిలకడలేని మగాణ్ణి వదల్లేక వాడి వెంటే తిరిగి తిరిగి నలిగిపోయే మనిషి. ఈ ముగ్గురూ ఒకరేనంటే నమ్మబుద్ధి కాదు.

దర్శకుడు మికియో నరుసేతో పదిహేడు సినిమాలు చేసింది. 'వెన్ ఎ ఉమన్ అసెండ్స్ ద స్టెయిర్స్' (1960)లో టోక్యోలోని గింజాలో మేడమీద బార్ నడిపే వితంతువు. రోజూ సాయంత్రం ఆ మెట్లెక్కడమంటే ఆమెకు అసహ్యం, కానీ కింద అప్పులున్నాయి, ఇంటి దగ్గర తల్లీ అన్నా డబ్బు కోసం ఎదురుచూస్తున్నారు. చివర్లో ఎంత దెబ్బ తిన్నాక కూడా మెట్లెక్కి, తలుపు తోసి, కస్టమర్లను నవ్వుతూ పలకరిస్తుంది చూడండి, ఆ నవ్వు ఆమె జీతం. ఈ సినిమాకి బట్టల డిజైనింగ్ కూడా తకామినేదే.

హారా నటించిన ఆడవాళ్ళు బాధని లోపల దాచుకుంటారు. తకామినె ఆడవాళ్ళు దాచుకుంటూనే ఇంటద్దె లెక్కేసుకుంటారు. నాకు రెండోదే ఎక్కువ కష్టమైన నటన అనిపిస్తుంది.

ఇక తెర దిగిపోయిన తీరు. 1962 తర్వాత హారా మళ్ళీ నటించలేదు. టోక్యో దగ్గరి కామకురా ఊళ్ళో ఉండిపోయి, 2015లో పోయేదాకా జనం కంట పడకుండా బతికింది. తనకు నటన ఎప్పుడూ ఇష్టం లేదని, కుటుంబం కోసమే చేశానని చెప్పిన మనిషి ఆవిడ, ఆ నిర్ణయాన్ని గౌరవించాల్సిందే. కానీ ఆ మౌనం వల్లే ఆవిడ చుట్టూ ఒక దేవతా విగ్రహం లేచింది, దాని నీడలో తకామినె కనపడకుండా పోయింది. తకామినె 1955లో పెళ్ళయ్యాక కూడా 1979 దాకా నటించింది, 1976లో ఆత్మకథ రాసింది, ఆ తర్వాత కూడా రాస్తూనే ఉంది.

ఇద్దర్నీ పక్కపక్కన పెట్టి చూడాలంటే 1960లోనే వచ్చిన నరుసే సినిమా 'డాటర్స్, వైవ్స్ అండ్ ఎ మదర్' పట్టండి. హారా భర్త పోయి పుట్టింటికొచ్చిన ఆడపడుచు, తకామినె ఆ ఇంటి కోడలు. ముందు తకామినె మీదే కన్నుంచి చూడండి.