ఆటతో సహా పాటను నేర్పే బొమ్మల పుస్తకం
మా పాప కోసం కొన్న ఈ పుస్తకంలో ‘చెమ్మచెక్క’, ‘వీరీ వీరీ గుమ్మడిపండు’, ‘కాళ్ళాగజ్జె కంకాళమ్మ’ వంటి పాటలను ఆడే పద్ధతితో సహా ఇవ్వడం నాకెంతో నచ్చింది. ‘కాళ్ళాగజ్జె’ ఆటలో పిల్లలు వరుసగా కాళ్లు చాపుకొని కూర్చోవడం, పాడేవారు ఒక్కొక్క మాటకు ఒక్కొక్క కాలిని తాకుతూ పోవడం, ‘కాలు తీసి కడగా పెట్టు’ అన్నచోట చేయి ఆగిన కాలిని ముడుచుకోవడం బొమ్మల్లో స్పష్టంగా కనిపిస్తాయి. లయ, తన వంతు కోసం ఓపిక పట్టడం పిల్లలకు ఆ ఆటలోనే అలవడతాయి. అట్ట గట్టిది, అక్షరాలు పెద్దవి. అయితే పుస్తకంతో వచ్చే ఆడియోలో కీబోర్డు, డ్రమ్స్ హోరు మాటలను మింగేస్తోంది. చప్పట్లే తాళంగా సాగవలసిన చెమ్మచెక్కకు ఇంత వాద్యఘోష అనవసరం. చిన్నపిల్లలున్న ఇంటికి పుస్తకాన్ని తప్పక కొనవచ్చు గాని, పాటలను మాత్రం పెద్దలే పాడి వినిపించడం మేలు.