తడిసిపోయిన పెళ్ళి ఆల్బమ్, టీ నగర్‌లో ఫోటో రిపేర్ షాపు

మనుషుల జ్ఞాపకాలు చెరిపేసే వాన ఒకటుంటుందని మా అమ్మమ్మ కథ చెప్పేది, 2023 డిసెంబర్‌లో మిచాంగ్ తుఫాను ఇంకా బాపట్ల దగ్గర తీరం దాటకముందే చెన్నై వేళచ్చేరిలో మా గ్రౌండ్ ఫ్లోర్ ఇంట్లోకి నడుంలోతు నీళ్ళొచ్చినప్పుడు అదే గుర్తొచ్చింది, బీరువా కింద అరలో అమ్మానాన్నల పెళ్ళి ఆల్బమ్ ముద్దయిపోయింది.

టీ నగర్‌లో ఈ చిన్న షాపుకి తీసుకెళ్ళా. షాపాయన మన నెల్లూరు వైపు మనిషే, ముందు ఒకటే చెప్పాడు, బలవంతంగా పీకొద్దమ్మా అని. ఫోటో మీద జెలటిన్ పొర ఉంటుంది కదా, తడిస్తే ఉబ్బి జిగురై ఆరేటప్పుడు పక్కదానికి అతుక్కుపోతుంది, అందుకే చల్లటి మంచినీళ్ళ ట్రేలో నానబెట్టి మెల్లగా విడిపోయేదాకా ఆగాలట. ఫ్రేము అద్దానికి అంటుకున్న తాతయ్య ఫోటోని అయితే కదపకుండా అద్దంతో సహా స్కాన్ చేశారు!

40లో 26 దక్కాయి. 3 వారాలన్నది 6 పట్టింది, ఫోన్ కూడా మనమే చేస్తుండాలి, అది మాత్రం నచ్చలేదు. తాళి కట్టే ఫోటోలో నాన్న మొహం సగం పోయింది, కంప్యూటర్‌లో కొత్తగా గీసిస్తామన్నారు, వద్దన్నా, ఉన్న సగం నాన్నది. అమ్మ అది చేతిలో పట్టుకుని చాలాసేపు మాట్లాడలేదు.

తడిసిన ఆల్బమ్ ఉంటే ఎండలో పెట్టకండి, అలాగే పట్టుకెళ్ళండి.