పెల్లెట్ స్టవ్ పైపు పని: 4 స్టార్లు, ఒకటి ఎందుకు కోశానంటే

న్యూ హాంప్‌షైర్‌లో మాది పాత ఇల్లు, ఇల్లు వేడిచేసే ఆయిల్ బిల్లు కట్టలేక ఈ చలికాలం ముందు పెల్లెట్ స్టవ్ (రంపపు పొట్టుని నొక్కి చేసిన గుళికలు కాల్చి ఇంటిని వేడిచేసే పొయ్యి) పెట్టించాం. మొదట పెట్టినవాళ్ళు గోడకి చిల్లు కొట్టి పైపుని తిన్నగా బయటికి తోసేసి పోయారు, పైకి ఒక్క అడుగు కూడా లేపలేదు. జనవరిలో మంచు తుఫానుకి కరెంటు పోయింది, అప్పుడు తెలిసొచ్చింది. ఈ స్టవ్‌లో పొగని బయటికి నెట్టేది ఫ్యానే, అది ఆగినా లోపలున్న పెల్లెట్లు రాజుతూనే ఉంటాయి, ఇక ఆ పొగంతా హాల్లోకే. సీఓ (కార్బన్ మోనాక్సైడ్ అనే విషవాయువు) అలారం మోగింది, అందరం కోట్లు తగిలించుకుని మంచులోకి పరుగు. ఊర్నుంచి వచ్చిన అమ్మ దగ్గుకుంటూ "ఇన్ని డాలర్లు పోసి మళ్ళీ కట్టెల పొయ్యి దగ్గరికే తెచ్చావేంట్రా" అంది.

సరే, ఈ రివ్యూ తర్వాత వచ్చి సరిచేసినాయన గురించి. రాగానే స్టవ్ మాన్యువల్ అడిగాడు, తర్వాతే టేపు తీశాడు. పాత పైపు మూతి కిటికీకి పక్కనే 2 అడుగుల్లో ఉంది, మాన్యువల్‌లో చూస్తే తెరిచే కిటికీకి పక్కనైనా కిందైనా 4 అడుగులు ఉండాలి. దాన్ని అవతలికి జరిపి, గోడలో కొత్త థింబుల్ (పైపు వేడి గోడకి తగలకుండా చుట్టూ ఉండే తొడుగు) వేసి, బయట బూడిద తీసుకోడానికి 'T' ఆకారం పైపు ముక్క పెట్టి, అక్కణ్ణుంచి 5 అడుగులు నిలువుగా లేపాడు. ఫ్యాన్ ఆగినా వేడి పొగ తనంతట తనే పైకి పోతుందని, మంచు పేరుకున్నా మూతి మూసుకుపోదని. పైపు డబుల్ వాల్ పెల్లెట్ వెంట్, అంటే పెల్లెట్ స్టవ్‌ల కోసమే చేసిన రెండు పొరల పొగ గొట్టం, ఫ్యాన్ తోస్తుంది కాబట్టి ఏ కాస్త సందున్నా పొగ ఇంట్లోకే వస్తుందని ప్రతి అతుక్కీ వేడికి తట్టుకునే సిలికాన్ కొట్టాడు. ఎల్బోలు కూడా లెక్కపెట్టాడు, 90 డిగ్రీల మలుపు ఒక్కోటీ 5 అడుగుల పైపు కింద లెక్కంట, అన్నీ కలిపి 15 అడుగులు దాటితే 3 అంగుళాల పైపు తీసేసి 4 అంగుళాలది వేయాలంట. బట్టలారబెట్టే డ్రయ్యర్‌కి వాడే పైపైతే చవగ్గా అయిపోయేది కదా అని నోరు జారాను, ఆయన చూసిన చూపు ఇంకా గుర్తుంది.

స్టార్ ఎందుకు కోశానంటే, రెండ్రోజులూ ఆలస్యంగానే వచ్చాడు, పర్మిట్ మాత్రం "మీరే తెచ్చుకోండి" అన్నాడు, టౌన్ ఆఫీసు చుట్టూ తిరిగింది నేనే. కార్పెట్ మీద మసి కూడా మాకే వదిలేశాడు.

మార్చిలో మళ్ళీ కరెంటు పోయింది. కాస్త వాసనొచ్చింది, అంతే. అమ్మ మాత్రం ఇంకో సీఓ అలారం కొనిపించి తన మంచం పక్కనే పెట్టించుకుంది.