తోజాయ్ లైనులో పదకొండేళ్లు: నిషి-కసాయ్ నుంచి ఒతెమాచి దాకా

2013 ఏప్రిల్‌లో టోక్యోకు ఉద్యోగానికి వచ్చిన తర్వాత నేను ఇల్లు రెండుసార్లు మారాను, పనిచేసే సంస్థ ఒకసారి మారాను, రైలు మాత్రం మారలేదు. ఎదొగావా వార్డులోని నిషి-కసాయ్ స్టేషన్లో ఎక్కడం, ఒతెమాచిలో దిగడం, సాయంత్రం అదే దారిన తిరిగి రావడం. దూరం 9 కిలోమీటర్లు, ప్రయాణం పావుగంటకు కాస్త ఎక్కువ, టికెట్టు 210 యెన్లు. జపాను రైళ్ల గురించి మనవాళ్లలో ప్రచారంలో ఉన్న మాట ఒక్కటే: సెకను తేడా రాదని. పదకొండేళ్ల తర్వాత నేను చెప్పేది అది కాదు. ఉదయం పూట ఈ రైళ్లు తరచుగానే ఆలస్యమవుతాయి. నేను వాటికి ఎక్కువ మార్కులు వేసేది ఆలస్యమైన రోజున అవి నడుచుకునే పద్ధతికి.

తోజాయ్ అంటే తూర్పు-పడమర. పడమట నకానోలో మొదలై, నగరం నడిబొడ్డు కిందుగా సాగి, తూర్పున చిబా ప్రిఫెక్చర్‌లోని నిషి-ఫునబాషి చేరే 30.8 కిలోమీటర్ల మెట్రో లైను ఇది, 23 స్టేషన్లు. 1964లో ఒక ముక్కతో మొదలై 1969 నాటికి పూర్తయింది. 2000 సంవత్సరపు కంప్యూటర్ సమస్య రోజుల్లో వచ్చిన మన సాఫ్ట్‌వేర్ ఇంజనీర్లు నిషి-కసాయ్ చుట్టూ స్థిరపడటానికి ఈ లైనే పెద్ద కారణం. బ్యాంకులు, షేర్ల కంపెనీలు ఉండే కయబాచో, నిహోంబాషి, ఒతెమాచి మూడూ దీని మీద వరుసగా వస్తాయి. పైగా ఆ చుట్టుపక్కల యూఆర్ అనే ప్రభుత్వ గృహ సంస్థ అద్దెకిచ్చే ఇళ్లకు హామీదారు అక్కర్లేదు, ఇంటి యజమానికి తిరిగిరాని కానుక సొమ్మూ ఇవ్వనక్కర్లేదు. కొత్తగా దిగినవాడికి హామీ సంతకం పెట్టే జపాను బంధువు ఎక్కడి నుంచి వస్తాడు? ఆ విధంగా ఒక రైలు దారి, ఒక అద్దె నిబంధన కలిసి ఊరిలో ఒక ఊరిని తయారు చేశాయి. సాయంత్రం ఏడున్నరకు స్టేషన్ బయట నిలబడితే తెలుగు చెవిన పడకుండా పది నిమిషాలు గడవవు.

రద్దీ సంగతి దాచవలసిన అవసరం లేదు, ఎందుకంటే జపాను రవాణా మంత్రిత్వ శాఖే దాన్ని ఏటా లెక్కగట్టి ప్రకటిస్తుంది. వారి కొలమానం ప్రకారం 100 శాతం అంటే ప్రతివారికీ సీటో, పట్టుకునే పిడియో, తలుపు పక్క కమ్మీయో దొరకడం. 180 శాతం అంటే వార్తాపత్రికను మడతలు పెట్టుకుని చదవగలగడం. 200 శాతం అంటే ఒళ్లూ ఒళ్లూ రాసుకుని నొక్కుకుపోతున్నా ఎలాగో ఒక వారపత్రిక చదవగలగడం. కిబా నుంచి మొన్‌జెన్-నకచో వైపు ఉదయం 7:50 నుంచి 8:50 వరకు తోజాయ్ లైను 2019లో నమోదు చేసిన అంకె 199. దేశం మొత్తం మీద అత్యంత కిక్కిరిసిన లైన్ల పట్టికలో అది ఏళ్ల తరబడి పైవరసలోనే ఉండేది. కోవిడ్‌తో 2020లో 123కు పడిపోయి, 2023కు మళ్లీ 148కి చేరింది. నా అనుభవం ఈ అంకెలతో సరిగ్గా సరిపోతుంది, ఒక్క సవరణతో: 199 శాతం దగ్గర వారపత్రిక చదవగలిగిన మనిషిని నేను ఇంతవరకు చూడలేదు. ముందే చేతిలో పట్టుకుని ఎక్కినవాడి సంగతి వేరు. జేబులో ఉన్నది జేబులోనే ఉంటుంది.

ఆ గంటలో 10 పెట్టెల రైళ్లు 27 నడిచేవి, అంటే రెండు నిమిషాల పైచిలుకుకు ఒకటి. ఇంతకు మించి రైళ్లు పెంచే వీలు లేక, జనం ఎక్కి దిగే వేగం పెంచడానికి తలుపులనే వెడల్పు చేశారు. మామూలు పెట్టెలో తలుపు వెడల్పు 1.3 మీటర్లయితే, 2010లో వచ్చిన 15000 శ్రేణి రైళ్లలో అది 1.8 మీటర్లు. వెడల్పు తలుపు అంటే సీట్లు తగ్గడమే, అయినా ఈ బేరం నాకు లాభసాటిగానే తోచింది. ఉదయం పూట సీటు దొరుకుతుందని ఆశించేవారు ఈ లైనులో ఎవరూ లేరు. అయితే ఆ మేలు వెంట ఒక చిక్కు కూడా వచ్చింది. రెండు రకాల తలుపుల రైళ్లు ఒకే ప్లాట్‌ఫారం మీద ఆగాలి కాబట్టి, ప్లాట్‌ఫారం అంచున పెట్టే రక్షణ తలుపులు రెండింటికీ సరిపడేంత పెద్దవిగా ఉండాలి. అందుకే మిగతా చాలా లైన్ల కంటే ఇక్కడికి అవి ఆలస్యంగా వచ్చాయి.

రద్దీని చెదరగొట్టడానికి చేసిన ప్రయత్నాల్లో నాకు బాగా గుర్తున్నది 2019 జనవరిది. రద్దీ వేళకు ముందే వచ్చే ప్రయాణికుల సంఖ్య రోజుకు 3,000 దాటితే, పాల్గొన్నవారికి సోబా నూడుల్స్, బజ్జీల్లాంటి టెంపురా రెండూ ఉచితమని ఈ లైను నడిపే టోక్యో మెట్రో సంస్థ ప్రకటించింది. సంఖ్య తగ్గితే వాటిలో ఒకటే. చేపల రసంలో తేలే సోబా మా శాకాహారుల బృందానికి ఏ మాత్రం ప్రేరణ ఇవ్వలేదు గాని, మా ఆఫీసులోని జపాను సహోద్యోగి ఒకాయన రెండు వారాలు ఏడింటికల్లా కుర్చీలో కనిపించాడు.

ఇక ఆలస్యం. కోవిడ్‌కు ముందు ఆ మంత్రిత్వ శాఖే ప్రచురించిన లెక్కల ప్రకారం, టోక్యో పరిసరాల్లోని 45 లైన్లలో సగటున నెలకు సగానికి పైగా పనిదినాల్లో ఆలస్య ధ్రువపత్రాలు జారీ అయ్యాయి. ఒకరి సంచి తలుపులో చిక్కడం, ఒకరికి కళ్లు తిరగడం, తలుపు మూసుకునేటప్పుడు మరొకరు దూరడం, ఇలాంటివే చాలావరకు కారణాలు. రెండు నిమిషాలకో రైలున్న చోట ఒక రైలు పది సెకన్లు ఎక్కువ ఆగితే వెనకున్నదీ ఆగాలి, దాని వెనకదీ ఆగాలి. ఆ పది సెకన్లు ఎనిమిదిన్నర అయ్యేసరికి ఐదు నిమిషాలవుతాయి. నిజానికి తోజాయ్ లైనులో ముడి పడే చోటు మినామి-సునమాచి స్టేషన్. అక్కడ మొదట ఉన్న ఒకే ప్లాట్‌ఫారం, రెండు పట్టాల స్థానంలో రెండు ప్లాట్‌ఫారాలు, మూడు పట్టాలు ఏర్పరిచి, ఒక రైలు ఆగి ఉండగానే వెనకది పక్క పట్టా మీదకు వచ్చేలా చేయాలని ఏళ్లుగా పనులు సాగుతున్నాయి. పట్టాలు మార్చడానికి 2024 మే 11, 12 తేదీల్లో తోయోచో, నిషి-కసాయ్ మధ్య రైళ్లు పూర్తిగా ఆపేశారు. రెండు రోజులూ మా ఊరికి రైలు పడమటి వైపు నుంచి రాలేదు. అయితే ఆ విషయం ఎన్నో వారాల ముందే ప్రతి పెట్టెలోనూ, ప్రతి స్టేషన్లోనూ రాసి ఉంది.

ఆలస్య ధ్రువపత్రం అనే కాగితం ముక్కను మొదటిసారి చూసినప్పుడు నాకు వింతగా అనిపించింది. ఐదు నిమిషాలు దాటిన ఆలస్యానికి, ఫలానా తేదీన ఫలానా వేళ మా రైలు ఇంతసేపు ఆలస్యమైంది, క్షమించండి అని రైలు సంస్థే రాసిస్తుంది. అడగనక్కర్లేదు, పేరు చెప్పనక్కర్లేదు. ఇప్పుడైతే వెబ్‌సైట్‌లోనే దొరుకుతుంది. దాన్ని ఆఫీసులో ఇస్తే ఆ ఆలస్యం నా ఖాతాలో పడదు. రైలు తప్పు రైలుదని ఒప్పుకునే కాగితం అది. అంతకంటే ఉపయోగకరమైనది ప్రత్యామ్నాయ ప్రయాణ హక్కు: లైను ఆగిపోతే నెలవారీ పాసు ఉన్నవారు వేరే సంస్థ రైలులో అదనపు రుసుము లేకుండా వెళ్లవచ్చు. అలాంటి రోజుల్లో నేను బస్సులో ఉత్తరాన ఫునాబోరికి వెళ్లి, నగరపాలక సంస్థ నడిపే షింజుకు లైను ఎక్కుతాను. ముందే డబ్బు నింపుకున్న కార్డుతో ప్రయాణించేవారికి మాత్రం ఈ హక్కు వర్తించదు.

నిషి-కసాయ్, మినామి-సునమాచిల మధ్య 2.7 కిలోమీటర్ల ఎడం ఉంది. అందులో సగం అరకావా, నకగావా నదుల మీది వంతెనే. తెల్లవారుజామున ఎక్కితే ఆకాశం శుభ్రంగా ఉన్న చలికాలపు రోజున ఆ వంతెన మీద నుంచి ఫుజి పర్వతం కనబడుతుంది. తర్వాత రైలు నేలలోకి దిగిపోతుంది. గాలి బలంగా వీచిన రోజుల్లో వంతెన మీద రైలు నెమ్మదిస్తుంది, కొన్నిసార్లు అసలు ఆపేస్తారు. కొత్తవాళ్లు దీనికి విసుక్కుంటారు. 1978 ఫిబ్రవరి 28 రాత్రి సుడిగాలి తాకి ఇదే వంతెన మీద 10 పెట్టెల రైలులోని చివరి రెండు పెట్టెలు బోల్తా పడ్డాయి, ఇరవై మందికి పైగా గాయపడ్డారు. అప్పటికి మా స్టేషన్ ఇంకా లేదు, అది 1979లో వచ్చింది. ఆ సంగతి తెలిసిన తర్వాత గాలికి ఆగిన రైలులో కూర్చోవడం నాకు కష్టంగా లేదు.

ఈ లైను గురించి ఇంజనీరుగా నాకు ముచ్చట గొలిపేది, ఇది ఒక్క సంస్థ పట్టాల మీదే నడవకపోవడం. పడమట నకానో దాటి జేఆర్ (పూర్వపు జాతీయ రైల్వే) వారి పట్టాల మీద మితాకా దాకా, తూర్పున తోయో రాపిడ్ అనే మరో సంస్థ పట్టాల మీద తోయో-కత్సుతదాయ్ దాకా ఇవే రైళ్లు వెళ్తాయి. వాళ్ల రైళ్లు మా ప్లాట్‌ఫారానికి వస్తాయి. 1966 నుంచీ జాతీయ రైల్వేతో ఈ ఏర్పాటు ఉంది. నకానోలో ఒక సంస్థ డ్రైవరు దిగి మరో సంస్థ డ్రైవరు ఎక్కుతాడు, ప్రయాణికుడు కదలనక్కర్లేదు. కదిలేది జేబులోని డబ్బు మాత్రమే: సంస్థ మారిన ప్రతిసారీ కనీస రుసుము కొత్తగా మొదలవుతుంది. పట్టాలు కలిసినంత సులభంగా ధరలు కలవలేదు, నా దృష్టిలో టోక్యో రైళ్లలో పెద్ద లోపం ఇదే.

కైసోకు, అంటే కొన్ని స్టేషన్లు దాటవేసే వేగపు రైలు గురించి మాత్రం కొత్తవారిని హెచ్చరించాలి. తోయోచో దాటితే అది ఉరయాసులోనే ఆగుతుంది. మధ్యలో నిషి-కసాయ్, కసాయ్ కళ్ల ముందే వెళ్లిపోతాయి. మొదటి నెలలో నేను నాలుగుసార్లు ఉరయాసు చూశాను, తప్పు పూర్తిగా నాదే, పెట్టె మీద రాసి ఉంది. ఇంకో ప్రైవేటు లైనులో జరిగింది అంత తేలిగ్గా మింగుడుపడలేదు. రైలు దారిలో రెండుగా విడిపోతుందని జపనీస్‌లో మాత్రమే ప్రకటించారు, వెనక సగంలో కూర్చున్న నేను కుటుంబంతో సహా వేరే కొండ ఊరికి చేరాను. పేరు చెప్పను, ఇప్పుడు అక్కడ ఇంగ్లీషు ప్రకటన కూడా వినిపిస్తోంది.

ఒతెమాచి స్టేషన్లో ఐదు లైన్లు కలుస్తాయి, లైను మారడానికి కొన్ని చోట్ల వందల మీటర్లు నడవాలి. ఆ దూరం బోర్డుల మీద మీటర్లలో రాసి ఉంటుంది. ప్లాట్‌ఫారం మీద ఉండే మరో పట్టిక, ఏ స్టేషన్లో ఏ పెట్టె ముందు మెట్లుంటాయో, ఎక్కడ లిఫ్టు ఉంటుందో చెబుతుంది. చంటిబిడ్డను వేసుకుని స్టేషన్లలో లిఫ్టు వెతుక్కుంటూ అలసిపోయిన ఒక గృహిణి ఆలోచనతో 1990ల చివర్లో ఇది మొదలైంది. మా పాప పుట్టిన ఏడాది మా ఆవిడకు ఈ పట్టిక కంఠస్థం. ఉదయం 9 వరకు మహిళలకే కేటాయించిన పెట్టె కూడా 2006 నుంచి ఉంది. అది ఎందుకు అవసరమైందో స్టేషన్లలో పోలీసులు అంటించిన పోస్టర్లే చెబుతాయి. మర్యాదకు పేరున్న ఈ మౌనపు పెట్టెల్లో రద్దీలో ఆడవారిని తాకి వేధించే జాడ్యం ఉందని తెలియడం నాకు మొదట్లో నమ్మశక్యం కాలేదు.

తుపానుల విషయంలో పద్ధతి నా కళ్ల ముందే మారింది. పూర్వం నడిపినంతసేపు నడిపి, ఆపవలసి వచ్చినప్పుడు ఆపేవారు, జనం స్టేషన్లలో చిక్కుకునేవారు. 2019 అక్టోబరు 12న పెద్ద తుపాను వచ్చినప్పుడు, రేపు రైళ్లు ఆపేస్తున్నామని ముందు రోజే ప్రకటించారు. నగరమంతా ఇంట్లో కూర్చుంది. రైలు రాదని నమ్మకంగా చెప్పడం కూడా రైలు సేవేనని ఆ రోజు నాకు తోచింది.

2021 తర్వాత నేను వారానికి మూడు రోజులే ఆఫీసుకు వెళ్తున్నాను, అందుకే తెయికి, అంటే నెలవారీ పాసు, గిట్టుబాటు కాక సంస్థ దాన్ని ఆపేసి వెళ్లిన రోజుకు ఛార్జీ ఇస్తోంది. లెక్క సరైనదే. కాని తెయికితో నా దారిలోని ఏ స్టేషన్లోనైనా ఎన్నిసార్లైనా దిగే స్వేచ్ఛ ఉండేది. నెలకు రెండు మూడు సాయంత్రాలు మొన్‌జెన్-నకచోలో దిగి ఫుకగావా ఫుదో ఆలయానికి వెళ్లేవాణ్ణి; అక్కడ చేసే గోమా మన హోమమే, పేరు కూడా అక్కడి నుంచే వెళ్లింది. పెద్ద డోలు మోతల మధ్య మంట లేస్తుంటే కాసేపు కూర్చుని మళ్లీ రైలెక్కేవాణ్ణి. ఇప్పుడు అక్కడ దిగితే 210 యెన్ల ప్రయాణం 180 చొప్పున రెండు ముక్కలై 360 అవుతుంది, కార్డుతో అయితే ఓ నాలుగు యెన్లు తక్కువ. పోయిన నెలలో ఒకసారి దిగాను.