ఒకే పల్లెకు రెండుసార్లు: హోయ్ ఆన్ చేతిపనుల ఊళ్లలో అమ్మతో

మధ్య వియత్నాంలోని హోయ్ ఆన్ పట్టణం దగ్గరున్న థాన్ హా కుమ్మరి పల్లెకు మేము రెండుసార్లు వెళ్లాం. మొదటిసారి ఒక పెద్ద ట్రావెల్ ఏజెన్సీ బస్సులో, ఇరవై ఇద్దరిలో ఇద్దరంగా. రెండోసారి మేము దిగిన ఇంటి యజమానురాలు మాట్లాడిపెట్టిన గైడుతో, మొత్తం నలుగురం. రెండు టూర్లవాళ్లూ మాట ఇచ్చింది ఒకటే: చేతిపని మీరే చేసి చూడవచ్చని. ఆ మాట నిలబెట్టుకున్నది రెండోదే. మనవాళ్లు చాలామంది ఇప్పుడు వియత్నాం వెళుతున్నారు కాబట్టి, ఎక్కడ మనసు నిండిందో, ఎక్కడ డబ్బు దండగైందో వివరంగా రాస్తున్నాను.

మొదటి టూరుకు తలకు ఆరున్నర లక్షల డాంగ్ కట్టాం. లక్ష డాంగ్ అంటే మన లెక్కలో దాదాపు 340 రూపాయలు. పొద్దున ఎనిమిదిన్నర నుంచి మధ్యాహ్నం రెండు వరకు మూడు ఊళ్లు. ట్రా క్వే కూరగాయల తోటలో ఇరవై అయిదు నిమిషాలు ఉన్నాం. అందులో సగం నీళ్ల డబ్బాలు భుజాన వేసుకుని ఫొటోలు దిగడానికే సరిపోయింది. థాన్ హాలో సారె ముందు వరుసలో నిలబడితే నా వంతుకు నాలుగు నిమిషాలు దక్కాయి. అప్పటికే అక్కడి కుమ్మరావిడ కుండను సగం పైకి లేపి ఉంచింది, నేను వేళ్లు ఆనించి తీశానంతే. ఆ తర్వాత ఎక్కడా చెప్పని పట్టు బట్టల దుకాణంలో గంటసేపు కూర్చోబెట్టారు. అమ్మ శాకాహారి అని డబ్బు కట్టేటప్పుడే రాసిచ్చాను. భోజనంలో ఆమె ముందుకు వచ్చిన కూరలో నూక్ మామ్ కలిసి ఉంది, అంటే ఉప్పులో మాగబెట్టిన చేపల ఊట. వాసనకే పోల్చుకుని అమ్మ పళ్లెం పక్కకు జరిపింది. తెల్లన్నం, అరటిపండుతో ఆ పూట గడిచింది. నాకు ఆ రోజంతా ఆ బాధే.

మూడో రోజు వెళ్లిన రెండో టూరుకు తలకు పదకొండు లక్షల డాంగ్. ధర ఒకటిన్నర రెట్లకు పైనే, కానీ రోజంతా మాదే. గైడు పాతికేళ్ల అమ్మాయి, అక్కడి జిల్లాలోనే పుట్టి పెరిగింది. దారిలో కనిపించిన ప్రతివారినీ వరస పెట్టి పలకరించింది. వియత్నామీలు మనలాగే ఊరివాళ్లను అక్కా, బాబాయ్, మామ్మా అనే పిలుచుకుంటారు. ఇంకా చెప్పాలంటే 'నేను', 'నువ్వు' అనాల్సిన చోట కూడా ఎక్కువగా ఆ వరసలే వాడతారు. పెద్దావిడ అయితే 'బా'. ఆ ఒక్క మాట నేర్చుకుని వెళ్లండి, ముఖాలు ఎలా విప్పారతాయో చూస్తారు.

ఆరున్నరకల్లా ట్రా క్వే చేరాం. ఇది హోయ్ ఆన్ పాత పట్టణానికి ఈశాన్యంగా మూడు కిలోమీటర్ల దూరంలో ఉంది. పక్కనున్న నదిలోంచి నాచు లాంటి నీటి మొక్కలు తెచ్చి మట్టిలో కలిపి ఎరువుగా వేస్తారు. తులసి జాతి ఆకులు, పుదీనా, కొత్తిమీర, ఊదారంగు పెరిల్లా ఆకు మడుల్లో ఒత్తుగా పెరుగుతాయి. అక్కడి తోటమాలి, ఒక పెద్దాయన, కావడికి రెండు వైపులా నీళ్ల డబ్బాలు తగిలించుకుని, నడుస్తూనే రెండు మడులనూ ఒకేసారి తడుపుతున్నాడు. నాకూ కావడి ఇచ్చి, గంటసేపు నా వెంటే నడిచాడు. నీళ్లు ఆకు మీద గట్టిగా పడితే మట్టి చింది ఆకు పాడవుతుందని, డబ్బా మూతిని ఎంత వంచాలో చేయి పట్టుకుని చూపించాడు. మొదటి రోజు మేము ఫొటోలు తీసుకున్నది ఈ మడుల పక్కనే.

అక్కడి నుంచి ఒక ఇంటి పెరట్లోకి వెళ్లాం. ఈ యాత్ర మొత్తంలో నేను మరిచిపోలేనిది ఆ పెరడే. బాన్ ట్రాంగ్, అంటే పల్చటి బియ్యపు రేకులు, అక్కడ చేస్తారు. నీళ్లు మరిగే పెద్ద కుండ మూతికి గుడ్డ బిగించి కట్టి ఉంది. నానబెట్టి రుబ్బిన బియ్యప్పిండిని పాలంత పల్చగా కలిపి, గరిటెడు ఆ గుడ్డ మీద పోసి, గరిటె అడుగుతోనే గుండ్రంగా తిప్పి మూత పెట్టింది డెబ్బై దాటిన మామ్మ. నిమిషంలోపే మూత తీస్తే రేకు గాజులా మెరుస్తోంది. సన్నటి వెదురుబద్దను దాని కిందికి జారవిడిచి, ఒక్క ఊపున లేపి వెదురు తడక మీద పరిచింది.

అమ్మది కోనసీమ. ఆత్రేయపురం పూతరేకులు ఇంటింటా పోయడం చూస్తూ పెరిగిన మనిషి. కుండ చూడగానే ఆమె కళ్లలో వెలుగు వచ్చింది. మన దగ్గర కుండ బోర్లించి కింద మంట పెడతారు, పిండిలో ముంచిన గుడ్డను వేడి కుండ మీద అలా పరిచి ఇలా లాగేస్తే రేకు విడుతుంది. ఇక్కడ గుడ్డ కదలదు, పిండే కదులుతుంది. మనది పొడి వేడి, వాళ్లది ఆవిరి. అందుకే మన రేకు కాగితంలా పెళపెళలాడుతుంది, వాళ్లది తడిగా సాగి, ఎండలో గట్టిపడుతుంది. అమ్మ పోసిన మొదటి రెండు రేకులు చిరిగాయి. మూడోసారి మామ్మ వెనక నిలబడి ఆమె మణికట్టు పట్టుకుంది. చేయి కాదు, మణికట్టు తిరగాలి. అయిదో రేకు గుండ్రంగా వచ్చింది. ఆపైన అమ్మ పీట వేసుకుని కూర్చుంది, ఇరవై నాలుగు పోసేదాకా లేవలేదు.

మా సంచిలో ఇంటి నుంచి తెచ్చిన పూతరేకుల పెట్టె ఉంది. అమ్మ ఒకటి తీసి పొర విప్పి మామ్మ చేతిలో పెట్టింది. ఆవిడ దాన్ని ఎండకు ఎత్తి పట్టుకుని, అవతల తన వేళ్లు కనిపిస్తున్నాయా అని చూసుకుంది. కోడలిని పిలిచి చూపించింది. ఆ తర్వాతే నోట్లో వేసుకుంది. గైడు అమ్మాయి అనువదించాల్సిన అవసరం చాలాసేపు రాలేదు.

మధ్యాహ్నం అక్కడే వంట. బాన్ సేవ్ అనేది బియ్యప్పిండి, పసుపు కలిపి పోసే అట్టు. 'సేవ్' అంటే పిండి పెనం మీద పడినప్పుడు వచ్చే చప్పుడు. మన 'చుయ్' అన్నమాట. మామూలుగా రొయ్యలు, పంది మాంసం వేస్తారు. అమ్మకు వేరే పెనం మీద పుట్టగొడుగులు, మొలకలతో పోశారు. ముంచుకోవడానికి సోయాతో చేసిన పులుసు వేరుగా ఇచ్చారు. పొద్దున నేను నీళ్లు పోసిన మడి ఆకులే అందులో పెట్టుకుని తిన్నాం.

సాయంత్రం మళ్లీ థాన్ హా. పట్టణానికి పడమరగా, థూ బోన్ నది ఒడ్డున ఉంటుంది. టికెట్ 35 వేల డాంగ్. హోయ్ ఆన్ పాత ఇళ్ల మీద కనిపించే ఇటుకలూ, పెంకులూ ఈ ఊరి మట్టివే. ఇక్కడ సారెకు ఇద్దరు కావాలి. ఒకావిడ ఒంటికాలి మీద నిలబడి రెండో కాలితో సారెను తన్నుతూ తిప్పుతుంది, ఇంకొకావిడ కూర్చుని కుండ లేపుతుంది. మా ఊళ్లో సారె మీద కూర్చునేది మగవాళ్లే, కర్రతో తిప్పుకుంటారు. ఈసారి నాకు గంటంబావు దొరికింది. మట్టి మధ్యకు కుదురుకోకుండా బొటనవేలు దింపితే ఏమవుతుందో మూడు కుండలు కూలాక తెలిసింది. కాలితో తన్నే పని ఇంకా కష్టం. ఒకే వేగం నిలపలేకపోతే కూర్చున్నావిడ చేతిలో అంచు వంకర పోతుంది. కుండ ఆరి, కాలే వరకు ఆగలేం కనుక నేను చేసిన గిన్నె అక్కడే మట్టిలో కలిసింది. టికెట్‌తో పాటు ఇచ్చే మట్టి ఈలను మాత్రం తెచ్చుకున్నాం. ఏడాదికొకటి చొప్పున వచ్చే పన్నెండు రాశి జంతువుల్లో ఏదో ఒకటి ఎంచుకోవచ్చు. చైనావాళ్ల కుందేలు చోట వీళ్లకు పిల్లి ఉంటుంది.

బస గురించి. పాత పట్టణం నడిబొడ్డున హోటళ్లు అందంగా ఉంటాయి కానీ రాత్రి పొద్దుపోయేదాకా సందడి. మేము ఊరికీ పొలాలకూ మధ్య ఒక హోమ్‌స్టేలో దిగాం. రోజుకు ఏడు లక్షల డాంగ్, ఉదయం ఫలహారం, సైకిళ్లు అందులోనే. గది చిన్నది, మెట్లు నిటారుగా ఉన్నాయి. మోకాళ్ల నొప్పులున్నవాళ్లు కింది గది ముందే అడగాలి. కానీ రెండో టూరు కుదిరింది ఆ ఇంటావిడ వల్లే. పాత పట్టణంలోని పురాతన భవనాల్లో ఏవైనా అయిదింటికి టికెట్ 1,20,000 డాంగ్, ఆ డబ్బు వృథా కాదు. నోట్లు జాగ్రత్త: 20 వేలదీ, 5 లక్షలదీ రెండూ నీలిరంగే.

శాకాహారులకు ఒక కిటుకు. 'ఆన్ చై' అంటే బౌద్ధుల శాకాహారం, చేపల ఊట కూడా ఉండదు. చాంద్రమాన నెలలో ఒకటో తేదీ, పదిహేనో తేదీ అక్కడ చాలామంది అదే తింటారు. బజారులో ఆ రోజుల్లో శాకాహార బండ్లు ఎక్కువ. పదిహేనుకు ముందు రాత్రి హోయ్ ఆన్‌లో కరెంటు దీపాలు తగ్గించి లాంతర్లు వెలిగిస్తారు. పంచాంగం చూసుకుని, పౌర్ణమికి ముందు రోజు కలిసివచ్చేలా టికెట్లు కొనుక్కుంటే రెండూ దక్కుతాయి. అక్టోబరు, నవంబరు వద్దు, వరదలు వస్తాయి. మేము వెళ్లింది మార్చిలో.

'మీ సన్' అనే చోట ఉన్న పాత గుడులకు ఒక పూట ఇచ్చాం. ఒకప్పుడు ఈ ప్రాంతాన్ని ఏలిన చంపా రాజులు భద్రేశ్వరుడిగా కొలిచిన శివుడి ఆలయాలు, సంస్కృత శాసనాలు. కొన్ని గోపురాలను మన పురావస్తు శాఖ బాగుచేసింది. ఇటుకకూ ఇటుకకూ మధ్య అతుకు దాదాపు కనిపించదు. థాన్ హా మట్టి చేత్తో పిసికాక చూస్తే ఆ పని విలువ వేరుగా తెలిసింది.

తిరుగు ప్రయాణంలో హనోయ్ చుట్టుపక్కల రెండు ఊళ్లు చూశాం. బాట్ ట్రాంగ్‌కు సిటీ బస్సులోనే వెళ్లవచ్చు. అది మెరుగు పూసిన పింగాణీ ఊరు. సారె అద్దెకు తీసుకుని కావలసినంతసేపు కూర్చోవచ్చు, గైడు అక్కరలేదు. పిల్లలున్నవాళ్లకు ఇదే మేలు. క్వాంగ్ ఫూ కావ్‌లో ఎర్రరంగు అద్దిన అగరుబత్తి పుల్లలు పూల గుత్తుల్లా విప్పి ఎండబెడతారు. మన దేశంలో అగరుబత్తులకు వాడే వెదురు పుల్లలు చాలాకాలం ఎక్కువగా వియత్నాం, చైనాల నుంచే వచ్చేవి. 2020లో మన ప్రభుత్వం వాటి మీద సుంకం 10 నుంచి 25 శాతానికి పెంచింది. ఊరు కళ్లకు పండుగే, కానీ అక్కడ మేము ఫొటో రుసుము కట్టి నిలబడి చూడటమే తప్ప పుల్ల చీల్చే పీట దగ్గరికి ఎవరూ రానివ్వలేదు. పని చేసి చూడాలనుకునేవాళ్లు దాన్ని వదిలేసి బాట్ ట్రాంగ్‌లోనే రోజంతా ఉండవచ్చు.

అమ్మ పోసిన రేకులను మామ్మ రెండు రోజులు ఎండబెట్టి, పాత వార్తాపత్రికలో చుట్టి హోమ్‌స్టేకు పంపింది. సామానులో రెండు విరిగాయి. మిగిలినవాటి మీద వెదురు తడక గీతలు అలాగే ఉన్నాయి.