ఫ్యాక్టోరియో: ఫ్యాక్టరీ ఎవరింట్లో పెడదాం?

ఫ్యాక్టోరియో అంటే గనులు తవ్వి, బెల్టులు వేసి, రాకెట్ వదిలేదాకా ఫ్యాక్టరీని పెంచుకుంటూ పోయే కంప్యూటర్ గేమ్. నలుగురం కలిసి అది ఆడదామనుకున్న రోజే మాలో మాకు పంచాయితీ మొదలైంది: ఆట ఎవరి మెషీన్ మీద నడవాలి? నేను విజయవాడలో, ఇద్దరు ఫ్రెండ్స్ హైదరాబాద్‌లో, మా బావ డాలస్‌లో. ఏడాదిలో మూడు రకాలూ చూశాం. మాలో ఒకడి పీసీలో హోస్ట్ చేశాం, తర్వాత నెల అద్దెకు క్లౌడ్ సర్వర్ తీసుకున్నాం, చివరికి మా ఇంట్లో మూలపడ్డ పాత ల్యాప్‌టాప్ దగ్గర ఆగాం. మిగతా రెండూ పనికిరావని కాదు, మా టైమింగ్స్‌కి అదే కుదిరింది.

షూటింగ్ గేముల అలవాటు కొద్దీ మొదట పింగ్ (మనం నొక్కింది సర్వర్ దాకా వెళ్ళి రావడానికి పట్టే టైము) గురించే టెన్షన్ పడ్డాం. కానీ ఈ గేమ్ తయారుచేసిన ప్రాగ్‌లోని వూబే సాఫ్ట్‌వేర్ వాళ్ళు దీన్ని కోలాటంలా కట్టారు. ఆడుతున్న ప్రతి ఒక్కరి మెషీనూ మొత్తం ఫ్యాక్టరీని, బెల్టు మీద కదిలే ప్రతి ఇనుప పలకతో సహా, తనే లెక్కవేసుకుంటుంది. సెకనుకు 60 అడుగులు, అందరివీ కలవాలి. నెట్ మీద ప్రధానంగా వెళ్ళేది ఎవరు ఏం నొక్కారన్న సంగతి. అందుకే వేల రోబోలు తిరుగుతున్నా డేటా పెద్దగా కాలదు. డాలస్ నుంచి ఆడినా బావకి నడక, కట్టడం వెంటనే కనిపిస్తాయి. బైటర్లతో (ఫ్యాక్టరీ మీద దాడి చేసే పురుగులు) పోట్లాడేటప్పుడు మాత్రం కొంచెం తేడా తెలుస్తుందంటాడు. అయితే అడుగు కలపలేని మెషీన్ వెనకబడుతూ వెనకబడుతూ చివరికి ఆట బయటికి వచ్చేస్తుంది. ఎంత ఖరీదైన సర్వర్ తెచ్చినా ఫ్రెండ్ పాత సిస్టమ్ వేగం పెరగదు. ఆ ఆశతో డబ్బు పెట్టకండి.

ఇక మొదటి దారి. ఒకడు గేమ్ తెరిచి, మల్టీప్లేయర్‌లో హోస్ట్ చేసి, స్టీమ్ (గేములు కొని ఆడుకునే యాప్) ఫ్రెండ్స్‌కి కనిపించేలా పెడితే ఐదు నిమిషాల్లో అందరూ లోపల ఉంటారు. రూటర్ జోలికి వెళ్ళక్కర్లేదు, పైసా ఖర్చు లేదు. వారానికి ఒక రాత్రి, అందరూ ఒకే టైముకి కూర్చునే జట్టుకి ఇంతకు మించి అవసరం లేదు. కొత్తగా ఎవరు చేరినా మ్యాప్ మొత్తం హోస్ట్ దగ్గర్నుంచే దిగాలి కాబట్టి అతని అప్‌లోడ్ స్పీడ్ చూసుకోవాలి. సేవ్ 100 ఎంబీ, అప్‌లోడ్ 20 ఎంబీపీఎస్ అయితే 40 సెకన్లు. ఇదేమీ పెద్ద బాధ కాదు.

అసలు బాధ వేరే ఉంది: హోస్ట్ లేకపోతే ఆట లేదు. దీనికో చిట్కా దొరికిందని మురిసిపోయాం. ఫ్యాక్టరీ మొత్తం అందరి మెషీన్లలోనూ ఉంటుంది కాబట్టి ఎవరైనా తన దగ్గర సేవ్ చేసుకుని మర్నాడు తనే హోస్ట్ చేయొచ్చు. ఒక శనివారం మా హోస్ట్ పెళ్ళికి వెళ్ళాడు. నేను నా కాపీ తెరిచాను, ఇంకొకడితో కలిసి తెల్లవారుజాము దాకా ఆయిల్ రిఫైనరీ కట్టాం. ఆదివారం వాడు తిరిగొచ్చి, మాకు చెప్పకుండా తన కాపీ తెరిచి బావతో రైలు పట్టాలు వేశాడు. సోమవారానికి రెండు ఫ్యాక్టరీలు తేలాయి. ఒకదాంట్లో రిఫైనరీ, ఇంకోదాంట్లో రైళ్ళు. రెండూ కలపడానికి ఇదేమన్నా ఎక్సెల్ షీటా? బొమ్మా బొరుసూ వేశాం. రిఫైనరీ పోయింది.

దాంతో క్లౌడ్‌కి వెళ్ళాం. ముంబైలో, హైదరాబాద్‌లో డేటా సెంటర్లున్న కంపెనీలున్నాయి. అమెజాన్ 2022లో హైదరాబాద్ రీజియన్ తెరిచింది. సర్వర్‌కి సొంత పబ్లిక్ అడ్రస్ ఉంటుంది, ఫ్యాక్టోరియో వాడుకునే ద్వారం, అంటే యూడీపీ 34197 పోర్టు తెరిస్తే పని అయిపోతుంది. కరెంటు పోయే భయం లేదు, ఎవరి నిద్రతోనూ సంబంధం లేదు. ఎంచుకునేటప్పుడు మాత్రం కోర్ల సంఖ్య చూసి మోసపోవద్దు. ఈ ఆటకి ఒక్క కోర్ వేగం, మెమరీ వేగం ముఖ్యం. నలుగురితో పంచుకునే చవక కోర్లు మొదట్లో బానే ఈదుతాయి. ఫ్యాక్టరీ పెరిగాక సర్వరే 60 అందుకోలేకపోతే ఆట అందరికీ కలిపి నత్తనడక నడుస్తుంది. మాకు అంతదాకా రాలేదు, దానికి ముందే వసూళ్ళు ఆగిపోయాయి. మొదటి నెల అందరూ అడక్కుండానే యూపీఐ చేశారు. మూడో నెలకి నేను చీటీల వసూలుకి తిరిగేవాడిలా తయారయ్యాను.

అప్పుడు అటక మీది ల్యాప్‌టాప్ దింపాను. లినక్స్ వేసి, ఫ్యాక్టోరియో హెడ్‌లెస్ సర్వర్ పెట్టాను. అది ఉచితం, దానికోసం ఇంకో కాపీ కొనక్కర్లేదు. ఈ గేమ్‌కి డిస్కౌంట్ సేల్ అనేదే ఉండదు కాబట్టి అదీ చిన్న విషయం కాదు. బొమ్మ చూపించే పని లేదు, గ్రాఫిక్స్ కార్డుతో నిమిత్తం లేదు. ల్యాప్‌టాప్ కావడంతో కరెంటు పోయినా బ్యాటరీ ఉంటుంది, రూటర్‌ని ఇన్వర్టర్ లైనుకి తగిలించాను. ఫ్యాక్టోరియో వాళ్ళు యూపీఎస్ అంటే సెకనుకి అడుగులు, మా ఇంట్లో యూపీఎస్ అంటే బల్ల కింద కుయ్యిమనే డబ్బా. ఈ సర్వర్‌కి రెండూ కావాలి. మూత వేస్తే నిద్రపోయే సెట్టింగ్ తీసేయడం మర్చిపోకండి.

చిక్కంతా నెట్ దగ్గర వస్తుంది. రూటర్ పేజీలో బయటి అడ్రస్ 100.64 నుంచి 100.127 మధ్య మొదలైతే మీ ఇంటర్నెట్ కంపెనీ ఒకే పబ్లిక్ అడ్రస్‌ని చాలా ఇళ్ళకి పంచుతోందన్నమాట. అప్పుడు మీ రూటర్‌లో పోర్ట్ ఫార్వర్డింగ్ (బయటి నుంచి వచ్చేవాళ్ళని సర్వర్ వైపు పంపే సెట్టింగ్) ఎంత చేసినా బయటివాళ్ళు లోపలికి రాలేరు. నాకు ఈ సంగతి తెలియక ఒక ఆదివారం మొత్తం రూటర్‌తో కుస్తీ పట్టాను. దీనికి మందు టెయిల్‌స్కేల్ అనే ప్రైవేట్ నెట్‌వర్క్ యాప్. దాన్ని అందరూ ఇన్‌స్టాల్ చేసుకుంటే అన్ని మెషీన్లూ ఒకే ఇంట్లో ఉన్నట్టు కలుస్తాయి. తమాషా ఏమిటంటే అదిచ్చే అడ్రస్ కూడా 100తోనే మొదలవుతుంది, రెండూ కలగలిపి తికమక పడొద్దు.

మాకు ఇది కుదరడానికి కారణం గడియారం. వేసవిలో మాకు రాత్రి తొమ్మిదైతే బావకి ఉదయం పదిన్నర. ఆయన వర్కింగ్ డేస్‌లో రాత్రి తొమ్మిదికి కూర్చుంటే ఇక్కడ పొద్దున ఏడున్నర, మేం ఆఫీసు హడావుడిలో ఉంటాం. సర్వర్ ఎప్పుడూ తెరిచి ఉంటే ఎవరి వీలుని బట్టి వాళ్ళు ఓ గంట పని చేసిపోతారు. ఎవరూ లేనప్పుడు ఆట దానంతటదే ఆగుతుంది, మామూలుగా ఆ సెట్టింగ్ ఆన్‌లోనే ఉంటుంది. కాకపోతే బావ ఒకరోజు గేమ్ మూయకుండానే సోఫాలో నిద్రపోయాడు. మనిషి లోపలే ఉన్నాడు కదా, సర్వర్ ఆగలేదు. సాయంత్రం నేను లాగిన్ అయ్యేసరికి ఉత్తరపు గోడ లేదు, గన్ టరెట్లలో తూటాలు లేవు, రాగి కొలిమిల వరసలో బైటర్లు తీరిగ్గా తిరుగుతున్నాయి. ఫోన్ చేస్తే "అదేంట్రా, నేను లోపలే ఉన్నానుగా" అన్నాడు బావ.

అద్దెదైనా ఇంట్లోదైనా సర్వర్ పెట్టేవాళ్ళకి ఇంకో పని ఉంటుంది. స్టీమ్ గేమ్‌ని చెప్పకుండా అప్‌డేట్ చేస్తుంది, సర్వర్ పాత వెర్షన్‌లోనే ఉండిపోతుంది. వెర్షన్లు అచ్చంగా కలవకపోతే ఎవరూ చేరలేరు. స్టీమ్‌లో గేమ్ ప్రాపర్టీస్‌కి వెళ్ళి ఒకే వెర్షన్ దగ్గర ఆపేయమని అందరికీ చెప్పండి. మోడ్స్ (ఆటకి ఆటగాళ్ళే తయారుచేసుకునే అదనపు హంగులు) గొడవ తక్కువే, చేరేటప్పుడు సర్వర్‌తో సమానం చేసుకునే బటన్ ఉంది. 2024 అక్టోబర్‌లో వచ్చిన స్పేస్ ఏజ్ అనే ఎక్స్‌పాన్షన్ (విడిగా అమ్మే కొనసాగింపు భాగం) ఆడాలంటే మాత్రం నలుగురూ కొనాలి, ఒక్కడు కొంటే సరిపోదు.

కొత్తగా మొదలుపెడుతుంటే ఒకరి పీసీతోనే కానివ్వండి, సేవ్ ఎవరి దగ్గరుందో వాట్సాప్ గ్రూపులో రాసుకోండి. మొదటి రాకెట్ పోకముందే ఉత్సాహం చల్లారే జట్లు చాలా ఉంటాయి, వాటికి సర్వర్ దండగ. ఇంట్లో ఖాళీ సిస్టమ్ లేక, డబ్బు టైముకి పంపే ఫ్రెండ్స్ ఉంటే క్లౌడ్ హాయి. మా జట్టులో అలాంటివాళ్ళు లేరు. కరెంటు బిల్లు నాది, ప్రతి ఆదివారం సేవ్ ఫైల్ కాపీ డ్రైవ్‌లో పెట్టే డ్యూటీ బావది.